ఒకే మ్యాట్ మీద ఇద్దరు దుర్గలు

సికింద్రాబాద్ ఆడవాళ్ల కబడ్డీ జట్టులో దుర్గలు ముగ్గురు. ఒకామె కోచ్. ఆమెను పేరు పెట్టి పిలిచే ధైర్యం ఎవరికీ లేదు కనుక ఆమె మేడం. రెండో ఆమె కెప్టెన్, కుడి మూల కాచే మనిషి. లీగ్ మొత్తానికి దుర్గ అంటే ఆమే. మూడో పిల్లది ఎడమ మూల. మౌలాలి నుంచి వస్తుంది. నిరుడు జట్టులో చేరిన రోజే మేడం ఆ పిల్ల పేరు అడిగి, విని, మొహం చిట్లించింది.

"ఒక్క మ్యాట్ మీద ఒక్కటే పేరు. నువ్వు ఏడికెళ్లి వస్తవ్? మౌలాలియా? అయితే నువ్వు మౌలాలి."

అంతే, పేరు పోయింది. జెర్సీ వెనక కూడా మౌలాలి అని అచ్చు వేయించారు, మనిషి వీపుకి బస్సు బోర్డు తగిలించినట్టు. అడిగేవాళ్లు లేరు. ఉత్తపుణ్యానికి పుట్టినప్పటి పేరు పోగొట్టుకుని కూడా "సరే మేడం" అనాల్సి వచ్చింది. ఎవరేమన్నా అననీ, మనం మాత్రం ఆ పిల్లను దుర్గ అనే అందాం.

మేడం మాటలో న్యాయం లేదని కాదు. కబడ్డీలో పేరుకు పని ఉంది. అవతలి జట్టు రైడర్ కూత పెడుతూ లోపలికి వచ్చిందంటే, మధ్యలో నిలబడే భవాని కళ్లు ఆమె కాళ్ల మీదే ఉంటాయి. అదను చూసి ఒక పేరు అరుస్తుంది. ఆ పేరున్న మనిషి ఆలోచించకుండా దూకి కాలు పట్టాలి. మిగతావాళ్లు వెనక నుంచి కమ్ముకోవాలి. ఒక్క పిలుపుకి ఇద్దరు లేచారంటే తలలు పగులుతాయి, లేదా రైడర్ ఇద్దరినీ ముట్టుకుని నవ్వుకుంటూ వెళ్లిపోతుంది. అది ఒప్పుకోవాల్సిందే. కానీ మ్యాట్ మీద పనికోసం తీసేసిన పేరు, మ్యాట్ దిగాక కూడా తిరిగి ఇవ్వలేదే! అదీ బాధ.

గురువారం సాయంత్రం సెమీఫైనల్లో దుర్గ నలుగురిని పట్టింది. కెప్టెన్ ముగ్గురిని. మైకు పట్టుకునే తాతారావుకి గొంతు ఎంత పెద్దదో చూపు అంత చిన్నది. స్కోరు బల్ల దగ్గర ఎవరో పట్టీలోని అసలు పేరు చదివి "దుర్గ" అంటే చాలు, కుడి మూల వైపు చెయ్యి చాచి "కెప్టెన్ దుర్గా! ఏం పట్టు, ఏం పట్టు!" అని ఊగిపోతాడు. ఎడమ మూలలో పిల్ల నలుగురి కింద నలిగి, మోచెయ్యి చెక్కుకుపోయి లేస్తూ ఉంటే, స్టాండ్స్‌లో జనం కెప్టెన్‌కి చప్పట్లు కొట్టారు. ఆట అయ్యాక ఉత్తమ డిఫెండర్ దుర్గ అని ప్రకటించి, ఒక మిక్సీ పెట్టె తెచ్చి కెప్టెన్ చేతుల్లో పెట్టారు. కెప్టెన్ ఒకసారి వెనక్కి చూసింది. ఫొటోవాడు "ఇటు, ఇటు" అన్నాడు. ఆమె ఇటు చూసింది.

స్టాండ్స్‌లో మూడో వరుసలో దుర్గ తల్లి అమ్మన్నమ్మ లేచి నిలబడింది. "ఒలమ్మ! ఆ పట్లన్నీ మా గుంట పట్టింది కదేటి!"

పక్కన కాలేజీ పిల్ల సర్దిచెప్పబోయింది. "ఆమె మౌలాలి కదా ఆంటీ. దుర్గ వేరే."

"మౌలాలేటి? అది మా ఇల్లున్న సోటు! కడుపున పుట్టినోల్లకి రైల్వేటేసన్ల పేర్లెడతారేటి ఎవులైనా?"

చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. అమ్మన్నమ్మ నవ్వలేదు. కొంగు నడుముకి దోపుకుని, మెట్లు దిగి, కూతురి సంచి తనే భుజాన వేసుకుని బస్టాపుకి నడిచింది.  

ఇంటికి చేరాక దుర్గ బాత్రూంలో మోచేతి మీద నీళ్లు పోసుకుంది. మంటకి కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆ వంక పెట్టుకుని కాసేపు ఏడ్చేసింది. మిక్సీ కోసం కాదు. ఇంట్లో మిక్సీ ఉంది, సగం రోజులు పనిచేస్తుంది కూడా. ఆ నాలుగు పట్లలో ఒక్కదానికైనా ఎవరైనా తన పేరు అరిస్తే చాలనుకుంది. అంత చిన్న కోరిక తీరకపోవడం ఏమిటని ఏడ్చింది.

* * *

శుక్రవారం పొద్దున అమ్మన్నమ్మ ఎండునెత్తళ్ల చేపలు వేయిస్తూ ఉంటే గల్లీలో స్కూటీ ఆగింది. కెప్టెన్. కాళ్ల దగ్గర మిక్సీ పెట్టె ఇరికించుకుని కాప్రా నుంచి వచ్చింది. హెల్మెట్ తీసి, గుమ్మం బయటే చెప్పులు విడిచి, పెట్టెను రెండు చేతులా పట్టుకుని నిలబడింది.

"ఆంటీ, ఇది మీ బిడ్డది. నిన్న నేను ఆడనే చెప్పాల్సింది. ఫొటోలు, లొల్లి... నోరు రాలే."

అమ్మన్నమ్మ పెట్టెను చూసింది, మనిషిని చూసింది. "కూకో. తిన్నావా?"

"లేదు, పోవాలె..."

"కూకోమన్నానా."

కెప్టెన్ కూచుంది. రాష్ట్రమంతటినీ తొడగొట్టి సవాలు చేసే మనిషి, పీట మీద బుద్ధిగా మఠం వేసుకుంది. కంచంలో అన్నం, నెత్తళ్ల వేపుడు పడ్డాయి. దుర్గ లోపల గదిలోంచి తడి జుట్టుతో వచ్చి, "అక్కా! నువ్వా?" అని నిలబడిపోయింది.

అమ్మన్నమ్మ గరిట ఊపుతూ అంది. "మిక్సీ మాకొద్దమ్మా. తీసుకుపో. ఇచ్చీదుంటే దీని పేరు దీనికిచ్చీ."

"అమ్మా!" అంది దుర్గ.

"నువ్వూరుకో. తప్పేటి? అడిగితే తప్పేటి?"

కెప్టెన్ మంచినీళ్లు తాగింది. "పేరు నేను గుంజుకోలే ఆంటీ. మేడం రూలది. నేను జట్టుల కొత్తగ వచ్చినప్పుడు నా ముందల ఎవ్వరు లేకుండె, అందుకే నాకు మిగిలింది. అంతే నసీబు." వేరే సంగతి ఎత్తింది. "ఆ రూలు గురించే పరేషాన్ అయితున్న. ఎల్లుండి ఫైనల్ వరంగలోళ్లతోని. లీగ్‌ల ఎట్ల ఓడగొట్టిర్రో రాత్రి ఫోన్ల సూసిన. భవాని 'దుర్గా' అంటే వసుధ నా దిక్కుకెల్లి దూరం జరిగిపోతది. 'మౌలాలి' అంటే దీని దిక్కుకెల్లి కాలు గుంజుకుంటది. మన పిలుపులన్నీ వాళ్లకెర్కే. మనమే చెప్పి పట్టవోతున్నం."

వసుధ అంటే వరంగల్ జట్టు రైడర్. నిలువెత్తు మనిషి. లీగ్‌లో ఆమెను పట్టినవాళ్లకంటే ఆమె కాళ్ల కింద పడ్డవాళ్లే ఎక్కువ.

దుర్గ గోడకి ఆనుకుని వింటోంది. ముందుకి వంగి అంది. "అయితే ఇద్దరినీ ఒకటే పేరుతో పిలిస్తే, అక్కా?"

"ఇద్దరం దుంకుతం. నెత్తులు పగులుతయ్."

"కాదు. దుర్గా అని పిలిస్తే, వసుధ వీపు ఎవరి దిక్కు ఉంటే వాళ్లు దుంకాలె. ఆమె మొహం ముందున్నవాళ్లు ఆగాలె. ఆమెకేమో దుర్గ అంటే నువ్వొక్కదానివే. నీ దిక్కే సూస్కుంట వెనక్కి జరుగుతది. అప్పుడు నేనుంట."

కెప్టెన్ నమలడం ఆపింది. ముందు నవ్వింది. తర్వాత నవ్వు పోయింది. కంచంలో వేలితో రెండు మూలలు గీసింది, మధ్యలో ఒక నెత్తల్ని పెట్టి అటూ ఇటూ తిప్పింది.

"దాన్నెందుకలా తిప్పలెడతన్నావే తల్లీ, తిను" అంది అమ్మన్నమ్మ. "సేప సచ్చిపోనాది ఎప్పుడో."

* * *

జట్టు ప్రాక్టీసు బోయిన్‌పల్లి కూరగాయల మార్కెట్ వెనక ఒక రేకుల హాల్లో. మధ్యాహ్నానికి లారీలన్నీ వెళ్లిపోయినా కొత్తిమీర, కుళ్లిన టమాటా కలిసిన వాసన హాల్లోనే ఉంటుంది. మ్యాట్ ముక్కల్ని అంచుకి అంచు బిగించి, తడిగుడ్డతో తుడిచి, ఆరబెట్టడం రోజూ చేసే పని. ఆ శుక్రవారం ముగ్గురు ముందే వచ్చి ఆ పని ముగించారు. కెప్టెన్, దుర్గ, భవాని. మర్దనా చేసే ఐజాక్ ఒక మూల కూచుని టేపు చుట్టలు విప్పుతున్నాడు.

"మేడం రాకముందు ఏదో షురూ చేస్తున్నరు. నేను ఏమీ సూడలే" అని ముందే చెప్పేశాడు.

తర్వాత వచ్చిన ఒక అమ్మాయిని రైడర్‌గా నిలబెట్టారు. ఆమె కెప్టెన్ వైపు తిరిగి కాలు చాపింది. వీపు దుర్గ వైపు ఉంది. కనుక దూకాల్సింది దుర్గ, ఆగాల్సింది కెప్టెన్.

"దుర్గా!" అని అరిచింది భవాని.

కెప్టెన్ దూకేసింది. దుర్గ కదల్లేదు.

ఇంకోసారి. మళ్లీ అంతే. ఎన్నిసార్లు చేసినా అంతే. కెప్టెన్‌కి ఆ పేరు చెవిన పడితే కాలు దానంతటదే లేచిపోతోంది. "ఏందే ఇది, నా కాలు నా మాట వింటలేదు!" అని తొడ మీద చరుచుకుంది. అది అర్థమయ్యే సంగతే, ఎన్నో ఏళ్ల అలవాటు. దుర్గని వణికించింది మాత్రం తన కాలు. మౌలాలి అంటే చాలు, పామును తొక్కినట్టు ఎగిరే మనిషి, సొంత పేరు పిలిస్తే నిలబడిపోతోంది. ఎవరినో పిలిచినట్టుంది. ఒక్క ఏడాదికే ఇంత పరాయిదైపోయిందా! వంగి మోకాళ్ల మీద చేతులు పెట్టుకుంది. ఆయాసం అనుకున్నారు మిగతావాళ్లు.

"మళ్లీ" అంది పళ్లు బిగించి.

ఈసారి పంతం మీద పిలుపు పూర్తికాకముందే దూకింది. కెప్టెన్ కూడా దూకింది. తలా తలా కొట్టుకున్న చప్పుడు రేకుల దాకా వెళ్లింది. కెప్టెన్ పై పెదవి చిట్లి మ్యాట్ మీద రక్తం బొట్లు పడ్డాయి. సరిగ్గా అప్పుడే మేడం గుమ్మంలోకి వచ్చింది.

మేడం అరవలేదు. ఐజాక్ చేతిలోంచి గుడ్డ లాక్కుని, తనే వంగి మ్యాట్ మీద రక్తం తుడిచింది. తుడిచాక లేచి అడిగింది.

"ఎవలి తెలివి ఇది?"

"నాదే మేడం" అన్నారు ఇద్దరూ ఒకేసారి.

"నేను ఆడే రోజుల్ల రైల్వే గ్రౌండ్ల గిట్లనే ఒక్క పిలుపుకి ఇద్దరు దుర్గలం లేసినం. ఆ రెండో దుర్గ మోకాలు వోయింది. ఇప్పుడు మెట్లెక్కాలంటే గోడ వట్టుకుంటది." గుడ్డను బకెట్లోకి విసిరింది. "నేనున్నంత వరకు ఒక మ్యాట్ మీద ఒకటే పేరు. ఈ మాట మళ్ల చెప్పించొద్దు. షురూ చెయ్యుర్రి."

ఇక ఆ రోజంతా భవాని పాత పిలుపులే పిలిచింది. మౌలాలి అన్న ప్రతిసారీ దుర్గ దూకింది, పట్టింది. 

* * *

శనివారం జట్టుకి సెలవు. పొద్దున పాలప్యాకెట్లు తీసే వేళకి కెప్టెన్ స్కూటీ మళ్లీ మౌలాలి గల్లీలో ఆగింది. వెనక భవాని. కెప్టెన్ పెదవి వాచి ఉంది.

"మేడం చంపుతది అక్కా" అంది దుర్గ.

"చంపితే ఫైనల్ అయినంక చంపుతది. దా."

ఇంటిముందు గల్లీ ఇరుకు. ఒకవైపు నీళ్ల డ్రమ్ములు, ఇంకోవైపు ఎదురింటివాళ్ల బైకు. ఇంట్లో ఉన్న పాత పరుపులు రెండు, పక్కింటి పుష్పమ్మ ఇచ్చిన దూది బొంత ఒకటి తెచ్చి పరిచారు. భవాని రైడర్ అయింది. మరి పిలిచేదెవరు?

"నాను పిలుత్తాను" అంది అమ్మన్నమ్మ. మెట్టు మీద కూచుని చింతపండు గింజలు తీస్తోంది. "దాన్ని పిలవడం నాకు కొత్తేటి?"

భవాని కూత పెడుతూ వచ్చి కెప్టెన్ వైపు కాలు చాపింది. అమ్మన్నమ్మ గింజ పక్కన పడేసి గొంతెత్తింది.

"ఒలే దుర్గా!"

దుర్గ కాలు లేచింది. ఆమె లేపలేదు, అదే లేచింది. స్కూలుకి ఆలస్యమైనప్పుడు, నీళ్లు వచ్చినప్పుడు, అన్నం చల్లారిపోతున్నప్పుడు వచ్చే పిలుపు కదా అది. ఆ పిలుపుకి కదలకపోతే ఏమవుతుందో ఆ ఇంట్లో అందరికీ తెలుసు. దుర్గ బొంత మీద పడి భవాని చీలమండ రెండు చేతులా బిగించి ఉంది. అలా పట్టుకునే ఏడుపూ నవ్వూ కలిపి వచ్చేశాయి.

"అమ్మా, మళ్ల పిలువే!"

"పిలుత్తాన్లే, అరిసిపోతావెందుకు?"

దుర్గ సంగతి తేలింది. కెప్టెన్‌దే కష్టం. అమ్మన్నమ్మ పిలిచిన ప్రతిసారీ ఆమె కూడా ఉలిక్కిపడి లేచేది. అమ్మన్నమ్మ వదిలిపెట్టలేదు. "ఓలమ్మ, కదిలిపోనావు! నిన్ను పిలవనేదు, నా కూతుర్ని పిలిసేను. అంత పెద్ద ఆటగత్తెవి, సిన్నపిల్లలా గెంతుతావేటి?" గల్లీలో చేరినవాళ్లంతా పగలబడి నవ్వారు. కెప్టెన్ కూడా నవ్వింది, కానీ చెవులు ఎర్రబడ్డాయి. కాలిబొటనవేలు నేలకి అదిమింది. షార్ట్స్ అంచు పిడికిట్లో బిగించింది. పిలుపు వచ్చినప్పుడల్లా మెడనరాలు ఉబ్బేవి, ఒళ్లంతా ముందుకి తూలేది, మడమ లేచేది. మధ్యాహ్నానికి మడమ లేవడం తగ్గింది. సాయంత్రం బల్బులు వేసేవేళకి, "దుర్గా!" అన్న పిలుపు విని కూడా ఆమె స్తంభంలా నిలబడింది. కళ్లు మాత్రం తడిసి ఉన్నాయి.

"పిలిస్తే పోకుండ నిలవడుడు ఇంత తక్లీఫ్ ఉంటదని తెల్వదే" అంది దుర్గతో, నీళ్ల డ్రమ్ము మీద చెయ్యి ఆనించి. "నువ్వు ఏడాదంత ఎట్ల నిలవడ్డవే?"

దుర్గ నీళ్ల చెంబు అందించింది. అమ్మన్నమ్మ గొంతు అప్పటికే బొంగురుపోయి, సైగలతోనే అన్నానికి పిలిచింది.

* * *

ఆదివారం హాలు కిక్కిరిసింది. వరంగల్ నుంచి రెండు బస్సుల జనం డప్పులతో దిగారు. ఆటకి ముందు రెఫరీ వరసగా అందరి గోళ్లూ చూశాడు. దుర్గ చేతులు చాపినప్పుడు వేళ్లు చల్లగా ఉన్నాయి. ఐజాక్ ఆమె మోచేతికి టేపు చుడుతూ, "భయమైతుందా బిడ్డా?" అన్నాడు. "అయితుంది" అంది. అబద్ధం చెప్పి ఏం లాభం?

మొదటి సగం కెప్టెన్ అన్నట్టే జరిగింది. భవాని "మౌలాలీ!" అని నోరు తెరవగానే వసుధ ఎడమ మూల వదిలి జారుకునేది. "దుర్గా!" అంటే కుడి మూలకి చేతికందకుండా వెనక్కి అడుగేసేది. పోతూపోతూ ఎవరినో ఒకరిని ముట్టుకునేది. తాతారావు మైకులో వసుధ పేరు తప్ప ఇంకో పేరు వినపడలేదు. దుర్గ దూకిన ప్రతిసారీ గాలే దొరికింది. ఒకసారి జట్టు మొత్తం ఔటైపోయి మళ్లీ లోపలికి వచ్చింది. విరామానికి సికింద్రాబాద్ చాలా వెనకబడి ఉంది.

బెంచీ దగ్గర అందరూ తలలు దించుకుని నీళ్లు తాగుతున్నారు. కెప్టెన్ సీసా కింద పెట్టింది.

"మేడం, పిలుపు మార్చుదాం. ఇద్దరికీ దుర్గనే."

"మొన్న మూతి పగిలింది యాద్ మర్చినవా?"

"అది మొన్న. నిన్న పగల్లే."

మేడం తల తిప్పింది. "నిన్న?"

"నిన్న మౌలాలి గల్లీల పొద్దుందాక ఆడినం. తిట్టుడు జెర రేపు పెట్టుకోర్రి మేడం."

మేడం మొహంలో కోపం పైకి వచ్చి ఆగింది. దుర్గ మేడం వైపే చూస్తోంది. ఇప్పుడు కాదంటే ఇక ఎప్పటికీ కాదు. ఫైనల్ పోతుంది, దానితో పాటే పేరూ పోతుంది. వచ్చే ఏడాది ఇంకో జట్టులో చేరినా "మౌలాలి" అనే వెంట వస్తుంది. 

"ఈ పిల్ల దుంకుతది, అది నాకు తెలుసు" అంది మేడం కెప్టెన్‌తో. "నీ సంగతి చెప్పు. పేరు పిలిస్తే కాలు ఆగదే. నాకెర్కే. నువ్వు ఒక్కసారి కదిలితే ఇద్దరూ పోతరు. ఆగుతవా?"

"ఆగుతా."

"పక్కా?"

"ఆమె పేరు సుత అదే కదా మేడం."

మేడం ఇద్దర్నీ మార్చి మార్చి చూసింది. తర్వాత భవాని జెర్సీ గల్లా పట్టుకుని దగ్గరికి లాగింది. "ఇగ నుంచి ఇద్దరు దుర్గలే. మౌలాలి అన్నవంటే నిన్ను ఈ బెంచీ మీద కూసోబెడత."

రెండో సగం మొదటి కూతకి వసుధే వచ్చింది. అలవాటుగా కెప్టెన్ వైపు కాలు చాపింది. "దుర్గా!" అంది భవాని. వసుధ కెప్టెన్ మొహంలోకి చూస్తూ, చిన్నగా నవ్వుతూ, వెనక్కి రెండడుగులు వేసింది. కెప్టెన్ కదల్లేదు. వసుధ మడమ నేలకి ఆనేలోపు దుర్గ దాన్ని పట్టేసింది. మనిషి దబ్బున పడింది. భవాని, కెప్టెన్ వచ్చి మీద పడ్డారు. వసుధ లేచి, ఎవరు పట్టారో అర్థంకాక చుట్టూ చూసింది.

రెండోసారి వరంగల్ ఇంకో రైడర్ని పంపింది. ఆమె గతీ అంతే. మూడోసారి వసుధ తెలివిగా కెప్టెన్‌ని తప్పించుకుని ఎడమ మూల వైపు వచ్చింది. వీపు కెప్టెన్‌కి అందింది, కెప్టెన్ పని పట్టింది. ఒక్క పిలుపు, ఏ దిక్కు నుంచి ఎవరు వస్తారో తెలీదు. వరంగల్ బెంచీ మీద వాళ్ల కోచ్ లేచి నిలబడి, నెత్తి గోక్కుని, మళ్లీ కూచున్నాడు. డప్పులు నెమ్మదించాయి. తాతారావు "దుర్గ" అని అరిచి కుడివైపు చెయ్యి చాపడం, ఎడమవైపు దుమ్ము దులుపుకుంటున్న పిల్లను చూసి చెయ్యి వెనక్కి తీసుకోవడం, ఇదే సరిపోయింది. తేడా ఒక్కో పాయింటే తరిగింది. కానీ వరంగల్ కూడా ఊరికే రాలేదు ఫైనల్‌కి. వాళ్లూ పట్టారు, వాళ్లూ ముట్టారు.

చివరి కూత మిగిలింది. వరంగల్ ఒక్క పాయింటు ముందుంది. సికింద్రాబాద్ వైపు మ్యాట్ మీద ముగ్గురే మిగిలారు. కుడి మూల కెప్టెన్, ఎడమ మూల దుర్గ, మధ్యలో భవాని. అంతకుముందు వరంగల్ రెండు కూతలూ ఊరికే పోయాయి కనుక ఈసారి వసుధ ఎవరినో ఒకరిని ముట్టుకుని తీరాలి. ఖాళీగా వెళ్తే ఆమె ఔట్, ఆట సమానం. ముట్టుకుంటే కప్పు వరంగల్‌ది. ముగ్గురే ఉన్నప్పుడు పట్టుకుంటే మాత్రం రెండు పాయింట్లు. అప్పుడు కప్పు ఇక్కడే ఉంటుంది.

వసుధ గీత దాటింది. కూత సన్నగా, ఎడతెగకుండా వస్తోంది. తొందరపడలేదు. ముగ్గురినీ చూసింది. వాచిన పెదవితో, ఎగరొప్పుతూ నిలబడ్డ కెప్టెన్‌ని ఎంచుకుంది. అలిసిన మనిషి, పైగా పిలిస్తే దూకే అలవాటున్న మనిషి. ఆమె దూకితే మీదనుంచి ఎగిరి, వెన్ను ముట్టుకుని పోవచ్చు. వసుధ కావాలనే కాలు బాగా లోపలికి, కెప్టెన్ చేతికందేంత దగ్గరికి పెట్టింది.

"దుర్గా!"

భవాని పిలుపుతో పాటే హాలంతా ఆ పేరు అరిచింది. వెయ్యి గొంతులు ఒక్కసారే పిలిచాయి. కెప్టెన్ మెడనరాలు ఉబ్బాయి. ఎదురుగా కాలుంది, చెయ్యి చాపితే దొరుకుతుంది. పిలుస్తున్నది తన పేరే, ఇన్నేళ్లుగా తనదే. కెప్టెన్ షార్ట్స్ అంచుని పిడికిట్లో బిగించి నిలబడింది.

వసుధ దూకే మనిషి కోసం ముందే గాల్లోకి లేచింది. కింద ఎవరూ లేరు. ఖాళీ మ్యాట్ మీద తడబడుతూ దిగి, నిలదొక్కుకోవడానికి ఒక్కడుగు వెనక్కి వేసింది. ఆ అడుగు దుర్గ చేతుల్లో పడింది.

దుర్గ చీలమండ పట్టి, దాన్ని గుండెకి హత్తుకుని, మొహం మ్యాట్‌కి ఆనించి బిగుసుకుపోయింది. వసుధ ఈడ్చుకుపోయింది. నిలువెత్తు మనిషి, బలమంతా పెట్టి గీత వైపు పాకింది. టేపు ఊడింది, మోచేతి చర్మం మళ్లీ లేచింది. దుర్గ వదల్లేదు. అప్పుడు కెప్టెన్ కదిలింది. వచ్చి వసుధ నడుము మీద పడింది. భవాని ఇంకో కాలు పట్టింది. గీత ఇంకా జానెడు దూరంలో ఉండగానే కూత తెగింది.

విజిల్ మోగింది. బెంచీ మీదున్నవాళ్లంతా మ్యాట్ మీదకి పరిగెత్తారు. మేడం రాలేదు. రెండు చేతులూ నెత్తిమీద పెట్టుకుని బెంచీ దగ్గరే నిలబడి, ఎవరికీ కనపడకుండా ఏడ్చేద్దామనుకుంది గానీ అందరికీ కనపడింది. గొంతులేని అమ్మన్నమ్మ మూడో వరుసలో నిలబడి, పక్కనున్న ముక్కూమొహం తెలీని మనిషి వీపు మీద దబదబా బాదుతోంది. కెప్టెన్ లేచి, పక్కకి జరిగి, రెండు చేతులూ వెనక కట్టుకుని నిలబడింది. తాతారావు బల్ల వదిలి మైకు తీగ లాక్కుంటూ మ్యాట్ అంచుకి వచ్చాడు. ఈసారి తన కళ్లతో చూశాడు.

"దుర్గ!" అని అరిచాడు. ముందు కెప్టెన్ అన్న మాట లేదు. "దుర్గ! దుర్గ!"

దుర్గకి అవేమీ వినపడలేదు. ఇంకా ఆ కాలు పట్టుకునే ఉంది. వసుధ మోచేతుల మీద లేచి వెనక్కి తిరిగింది. చెమటలో తడిసిన ఆ చిన్న మొహాన్ని మొదటిసారి సరిగ్గా చూసింది.

"వదులవే, అయిపోయింది" అంది ఆయాసంతో. "మీ కెప్టెన్నే సూస్కుంట వచ్చిన. ఇంతసేపు నన్ను పడగొడుతున్న దుర్గవు నువ్వా?"

"నేనే" అంది దుర్గ, కాలు వదిలి.